మా కోడలి నాలుగో గుండు

ఈ ఉదయం మంగలి కుర్చీలో కూచుని ఉండగా కరెంటు పోయింది. మా రంగూన్లో కరెంటు పోయిందంటే ఎవరూ తల తిప్పి చూడరు, వచ్చిందంటే చూస్తారు. కాని సగం తల మీద మిషను నడుస్తుండగా పోతే మాత్రం ఎంతటి మనిషికైనా తన బతుకు మీద కాస్త ఆలోచన పుడుతుంది. కుడిపక్క నున్నగా, ఎడమపక్క గుబురుగా, మెడకి తెల్లగుడ్డ కట్టుకుని అద్దంలో కనబడుతున్న ఆ ముసలాణ్ణి చూసి నాకే నవ్వొచ్చింది. సంచౌంగ్ బజారు వెనక సందులో ఉంటుంది ఈ షాపు. పాతికేళ్ళుగా ఇతని చేతికే తల అప్పగిస్తున్నాను. "కత్తెరతో కానియ్యవయ్యా" అంటే, "కత్తెరకి పదును పోయింది ఊలే, కాసేపట్లో వచ్చేస్తుంది కూచోండి" అన్నాడు. ఊలే అంటే బాబాయి అని. ఇక్కడ నా వయసువాళ్ళందరం ఊరందరికీ బాబాయిలమే.

అలా కూచుని ఉండగా సందులోకి సన్యాసినులు వచ్చారు. గులాబీరంగు బట్టలు, నున్నటి గుండ్లు, నెత్తిమీద పళ్ళేలు. నలుగురూ చిన్నపిల్లలే. మా మంగలి చేతిలో మిషను పక్కన పెట్టి, చెప్పులు విడిచి, గబగబా వెళ్ళి గరిటెడు బియ్యం వేసి మోకాళ్ళ మీద కూచుని దండం పెట్టాడు. తిరిగొచ్చి, "ఆ చివరి పాప చూశారా ఊలే, గుండు ఎంత అందంగా ఉందో" అన్నాడు. చూశాను. చూసేసరికి మా కోడలి తల గుర్తొచ్చింది. కోడలంటే కొడుకు పెళ్ళాం అనుకునేరు, నాకు కొడుకులు లేరు. మా చెల్లి కూతురు, నా మేనకోడలు. మా ఆవిడ పోయాక చెల్లీ, కోడలూ, నేనూ ఒకే ఇంట్లో ఉంటున్నాం. ఇంట్లో ఉన్న మూడు తలల్లో ఊరందరికీ పని కల్పించింది ఆ పిల్ల తలే.

దాని జుట్టు గురించి చెప్పాలంటే ముందు మా నాన్న అన్నం హోటలు గురించి చెప్పాలి. మా తాత శ్రీకాకుళం పక్కనుంచి ఓడ మూటలు మోయడానికి వచ్చాడు. మా నాన్న మూటలు మోయలేక, మోసేవాళ్ళకి అన్నం పెట్టడానికి సేక్కాన్ రేవు దగ్గర రేకుల షెడ్డు వేశాడు. నేను రేవులోనే గుమాస్తాగా చేరాను కాబట్టి మధ్యాహ్నం భోజనం అక్కడే. వడ్డన మా చెల్లిది. ఒకసారి ఒక ఓడ ఇంజను పాడై, మరమ్మతు కోసం నెలల తరబడి రేవులో ఉండిపోయింది. ఆ ఓడ మనుషుల్లో ఒకాయన ఘనా దేశం వాడు, గుమ్మానికి తల తగిలేంత పొడుగు. మొదటిరోజు మా నాన్న మర్యాద చేద్దామని చెంచా ఇస్తే పక్కన పెట్టేశాడు. చేత్తో అన్నం కలిపి, చేపల పులుసు పోయించుకుని, ముల్లు ముల్లుకీ న్యాయం చేసి, వేళ్ళు నాకి లేచాడు. మా నాన్న ఆ రోజంతా అదే చెప్పుకున్నాడు. "మనోడేరా, సూసినావా, మనలాగే తింటన్నాడు" అని. ఆ మాట పట్టుకునే తర్వాత మా చెల్లి ఆయనతో తన పెళ్ళి సంగతి ఎత్తింది. నాన్నకి కాదనడానికి నోరు లేకపోయింది. ఇలా నాకు బావ అయ్యాడాయన. మంచి మనిషి. ఓడ మీద వెళ్ళేవాడు, వచ్చేవాడు, వచ్చినప్పుడల్లా చేపల పులుసు. పిల్లకి ఎనిమిదేళ్ళప్పుడు ఓడలోనే జబ్బు చేసి పోయాడు. ఆ కబురు మాకు చేరేసరికి కర్మకాండ కూడా అయిపోయింది. ఆయన మాకు మిగిల్చిపోయింది ఆ పిల్లని, ఆ పిల్ల నెత్తిమీద తన జుట్టుని.

పుట్టినప్పుడే ఆ జుట్టు చూసి మా అమ్మ గుండె మీద చెయ్యేసుకుంది. చిన్న చిన్న చుట్టలు, వేలు పెడితే లోపలికి పోయి మళ్ళీ బయటికి రాదు. మా అమ్మకి ఆ పిల్లంటే ప్రాణం, అది ముందే చెప్పాలి. కాని జుట్టు సంగతికొచ్చేసరికి ఆవిడకో నమ్మకం ఉండేది. పుట్టెంట్రుకలు తీయిస్తే వచ్చే జుట్టు కొత్త జుట్టు, అది సాపుగా వస్తుందని. మనవాళ్ళలో పుట్టెంట్రుకలు తీయించేటప్పుడు మొదటి కత్తెర వేయాల్సింది మేనమామే కదా. తన్లిన్‌లో మన అమ్మవారి గుడికి వెళ్ళాం. పిల్లని ఒళ్ళో కూచోబెట్టుకుని, కత్తెరకి పసుపు రాసి, ఒక్క చుట్ట కత్తిరించి పళ్ళెంలో వేశాను. మిగతాది మంగలి చూసుకున్నాడు. ఆర్నెల్లు పోయాక చూస్తే మునపటికంటే ఒత్తుగా అదే జుట్టు. "ఒకపాలి సాలదు, మూడుపాల్లు తీయాలి" అంది మా అమ్మ. మూడో ఏట ఇంకోసారి, ఐదో ఏట ఇంకోసారి మొక్కింది. ప్రతిసారీ నాదే మొదటి కత్తెర. మొక్కు ఫలించి జుట్టు బ్రహ్మాండంగా పెరిగింది. కాకపోతే తనకి నచ్చినట్టు పెరిగింది. మూడో గుండు తర్వాత మా బావ ఓడ దిగి వచ్చి, కూతురి నెత్తిమీద చెయ్యేసి చూసుకుని, మా అమ్మ వైపు తిరిగి పగలబడి నవ్వాడు. మా అమ్మ కూడా నవ్వేసింది. ఆ తర్వాత మరి మొక్కలేదు. గుంటగలగరాకు నూనె మాత్రం చివరిదాకా రాస్తూనే ఉంది.

నూనెతో సరిపోయే జుట్టు కాదది. మా దువ్వెనలు దానిలో పళ్ళు రాలగొట్టుకున్నాయి. పిల్ల ఏడ్చేది, చెల్లి ఏడ్చేది. చివరికి దారి చూపించింది బావ తల్లి. ఆవిడ ఎక్కడో ఘనాలో సముద్రం ఒడ్డు ఊళ్ళో ఉంటుంది. పిల్లకి పన్నెండేళ్ళప్పుడు ఫోన్లో బొమ్మ కనబడేలా మాట్లాడ్డం మొదలైంది. ఆవిడ మాట మాకు రాదు, మా మాట ఆవిడకి రాదు. పక్కింటి పిల్లని కూచోబెట్టుకుని, తలని పాయలు తీసి, తడిపి, నూనె పట్టించి, చర్మానికి ఆనించి వరసలుగా ఎలా అల్లాలో చేసి చూపించేది. మా చెల్లి ఫోను కిటికీకి ఆనించి పెట్టుకుని అలాగే చేసేది. తప్పు చేస్తే అవతల్నించి ఆవిడ నాలుక చప్పరించేది. ఆ చప్పరింత మాత్రం ఏ భాషకైనా తెలుస్తుంది. నెల తిరిగేసరికి మా కోడలి నెత్తిమీద పొలానికి గట్లు వేసినట్టు చక్కటి వరసలు వచ్చాయి. అప్పట్నించీ ఆదివారం అంటే మా ఇంట్లో ఆ తల పని. కడగడం, ఆరబెట్టడం, పాయలు తీయడం, అల్లడం. పొద్దున్న కూచుంటే మధ్యాహ్నం ముహింగా, అంటే చేపల పులుసు పోసిన సేమ్యా, చల్లారిపోయేదాకా అయ్యేది. నేను పక్కన కూచుని దువ్వెన అందించేవాణ్ణి. అంతకంటే పెద్ద పని నాకెప్పుడూ ఇవ్వలేదు.

బయట సంగతి వేరు. ఇక్కడ మమ్మల్ని కలా అంటారు. తెలుగువాడైనా, తమిళవాడైనా, ఎవడైనా సరే, ఒళ్ళు నల్లగా ఉంటే కలా. బస్సులో అంటారు, బజార్లో అంటారు, కోపంగా అంటారు, ముద్దుగా కూడా అంటారు. ఆ ముద్దుగా అనేదానికే నాకు ఎక్కువ ఒళ్ళు మండుతుంది. సరే, వాళ్ళ సంగతి అలా ఉంటే, మన గుళ్ళో మన ఆడవాళ్ళు ఊరుకున్నారా? జీవితమంతా కలా అనిపించుకున్న మనుషులు, పిల్ల నెత్తిమీద చెయ్యేసి, "ఓలమ్మ, ఈ తేనెతుట్టికి పెళ్ళెలగవుతాదే" అని మా చెల్లిని అడిగారు. ఆ మాటలకే కాబోలు, పదిహేడేళ్ళప్పుడు చుట్టాల పెళ్ళి ఉందని చెల్లి దాన్ని పార్లరుకి తీసుకెళ్ళింది. జుట్టు సాపుచేసే క్రీము రాశారు. మంటగా ఉందని పిల్ల చెబితే అలాగే ఉంటుందన్నారు. ఇంటికొచ్చేసరికి చెవి వెనక చర్మం ఊడి వచ్చింది. అక్కడ ఇప్పటికీ పెద్ద బొట్టుబిళ్ళంత మేర జుట్టు మొలవదు. ఆ రాత్రి చెల్లి ఎంత ఏడ్చిందో. పిల్ల ఏడవలేదు. "ఇంకెప్పుడూ రాయను మావా" అంది నాతో. మళ్ళీ రాయలేదు.

చదువయ్యాక ఒక ప్రైవేటు ఆసుపత్రిలో చేరింది. మొదట్లో లోపలి గదిలో ఫోన్లు ఎత్తే పని. బర్మీస్, ఇంగ్లీషు, కాస్త హిందీ, మనతో మన మాట, అన్నీ వచ్చు కాబట్టి నిరుడు ముందు కౌంటరుకి మార్చారు. దాంతో గొడవ మొదలైంది. కౌంటరులో ఆడపిల్లలందరూ జుట్టు నెత్తికి అతుక్కునేలా దువ్వి, వెనక ముడి వేసి, వల పెట్టుకోవాలి. మా కోడలు వరసలన్నీ వెనక్కి అల్లి ముడి చుట్టి, వల కూడా పెట్టుకుంది. ఒక్క వెంట్రుక ఇటుది అటు లేదు, నేను చూశాను. అయినా అక్కడి పెద్దావిడ, వాళ్ళు సయామ అంటారు, పిలిచి చెప్పింది, సాపు చేయించుకుని రమ్మని. ఈ పిల్ల నెమ్మదిగా, "రూల్లో శుభ్రంగా, ఒద్దికగా ఉండాలని రాసుంది సయామ. ఇందులో ఏది శుభ్రంగా లేదో చెప్పండి, మార్చుకుంటాను" అంది. చెవి వెనక మచ్చ కూడా చూపించింది. ఆవిడ అయ్యో అంది. అయ్యో అన్నాక మళ్ళీ సాపు చేయించుకోమనే చెప్పింది. ఇంకేదో మంచి క్రీము ఉందట, కొరియా నుంచి వస్తుందట.

మా పిల్ల ఊరుకోలేదు. పై ఆఫీసులో అడిగింది. తోటి కౌంటరు పిల్లల్ని అడిగింది, మీరొకమాట చెప్పండని. అన్నం తినేటప్పుడు అందరూ నీదే న్యాయం అన్నారు. మీటింగులో అందరూ బల్లకేసి చూశారు. వాళ్ళని నేను తప్పుపట్టను. ఊళ్ళో ఉద్యోగాలు ఎలా ఉన్నాయో వేరే చెప్పక్కర్లేదు, దాని ఈడు పిల్లలు సగం మంది దేశం దాటేశారు. మా ఇంట్లో మాత్రం? నాకు పింఛనంటే పేరుకే. మా ముగ్గురి అన్నం ఆ కౌంటరు మీదే ఉంది. చెల్లి అదే అంది ఒకరోజు. "రాసుకుంటే పోద్దేమో అన్నా. సెవి యెనక్కి రాకుండా రాయమందుము" అంది. అనేసి, తన నోటితోనే ఆ మాట అన్నందుకు లేచి వంటగదిలోకి వెళ్ళిపోయింది. పిల్ల నా వైపు చూసింది. నేను ఫ్యాను వైపు చూశాను, అది తిరగడం లేదు.

అప్పుడు నేనే వెళ్ళాను. మేనమామనన్న మాట ఎందుకుంది మరి? కొత్త లుంగీ కట్టి, పైన బర్మా కోటు తొడిగి, బస్సులో నిలబడి బర్మీస్‌లో నాలుగు గట్టి మాటలు కూడబలుక్కున్నాను. ఆ సయామ నన్ను చూడగానే లేచి నిలబడింది. రెండు చేతులతో టీ ఇచ్చింది, కేకు ముక్క పెట్టించింది. "మీ మేనకోడలు నా కూతురు లాంటిది ఊలే. ఈ మాట చెప్పడానికి నాకే అనాదే" అంది. అనాదే అనే మాటకి మనలో సరైన మాట లేదు. ఎదుటివాణ్ణి ఇబ్బంది పెట్టడానికి మనసొప్పకపోవడం, మొహమాటం, మర్యాద అన్నీ కలిపి కొట్టిన ముద్ద అది. ఈ దేశంలో పుట్టినవాళ్ళందరికీ అది ఒంట్లోనే ఉంటుంది, నాకూ ఉంది. "పెద్దవయసు పేషెంట్లు వస్తారు, చూసి జంకుతారు. ఒకావిడైతే ఆ జుట్టులో పేలుంటాయా అని అడిగింది. నేను అనలేదు ఊలే, ఆవిడ అంది" అంది సయామ. మా ఇంట్లో ఆదివారాల సంగతి చెబుదామనుకున్నాను. ఎన్నిసార్లు కడుగుతామో చెబుదామనుకున్నాను. పేలు మీ పేషెంటు బుర్రలో ఉన్నాయని చెబుదామని కూడా అనుకున్నాను. ఆవిడ ఎంత మెత్తగా మాట్లాడిందంటే, నా నాలుగు గట్టి మాటలకీ ఎక్కడ కాలు పెట్టాలో తెలియలేదు. "పర్వాలేదండి, పర్వాలేదు" అన్నాను. మొహం ఎర్రబడింది చూడండని నర్సుని పిలిచి బీపీ చూపించింది. ఎక్కువే ఉంది. ఉప్పు తగ్గించమంది. పోట్లాడ్డానికి వెళ్ళి బీపీ చూపించుకుని, థాంక్స్ చెప్పి వచ్చిన మేనమామని నేనొక్కణ్ణే అయి ఉంటాను. ఇంటికొచ్చి చెబితే కోడలు కాసేపు నవ్వింది. "ఉప్పు నిజంగానే తగ్గించు మావా" అంది.

నీళ్ళ పండగ దగ్గరపడింది. ఏప్రిల్లో వచ్చే తింజాన్ అది, వీధుల్లో నీళ్ళు పోసుకుంటారు, అన్నిటికీ సెలవలు. సయామ చివరిమాటగా చెప్పింది, పండగ తర్వాత సాపు జుట్టుతో రమ్మని, లేకపోతే రానక్కర్లేదని. అది కూడా నవ్వుతూనే చెప్పిందట. ఆ పండక్కి బర్మా పిల్లలు చాలామంది కొద్దిరోజులు సన్యాసం పుచ్చుకుంటారు. కోడలి పక్క సీట్లో పిల్ల కూడా గుండు చేయించుకుని మఠానికి వెళ్తానంది. మంచిపని, పుణ్యం అని సయామ ఆ పిల్ల చేతిలో కానుక పెట్టిందట. "గుండుతో కౌంటర్లో కూచుంటే?" అని మా కోడలు అడిగిందట. "దానికేం, ఎంత శుభ్రంగా ఉంటుంది" అందట సయామ. ఈ మాట కోడలు ఇంటికొచ్చి మాకు చెప్పింది. చెప్పి, అన్నం కంచం పక్కకి జరిపింది. తర్వాత, "మావా, తన్లిన్ గుడికెల్దుము. నువ్వే మొదటి కత్తెర ఎయ్యాలి" అంది.

వద్దన్నాను. చెల్లీ వద్దంది. పెళ్ళికావలసిన పిల్లవి అంది. క్రీము ఒక్కసారి చూద్దామంది. "క్రీము రాసినాననుకో, నెల నెలా రాయాలి అమ్మా. నెల నెలా నాది తప్పని ఒప్పుకోవాలి. గుండయితే దేవుడికిచ్చినాననుకుంటారు. దేవుడికిచ్చిందాన్ని ఎవలూ ఏటీ అనరు" అంది.

పండగ రెండో రోజు వంతెన మీద బస్సులో తన్లిన్ వెళ్ళాం, దిగేసరికి నీళ్ళు పోయించుకుని ముగ్గురం తడిసి ముద్దయ్యాం. గుడి అరుగు మీద కూచుని చెల్లి వరసలు విప్పడం మొదలుపెట్టింది. ఒక్కొక్క పాయే విప్పుతూ, విప్పినదాన్ని వేళ్ళతో దువ్వుతూ పోయింది. తొందర లేదు కదా, మళ్ళీ అల్లే పని లేదు. అన్నీ విప్పాక ఆ జుట్టు తల చుట్టూ నిలబడింది, ఆదివారాల్లో పాయలుగానే తప్ప, బావ పోయాక ఎప్పుడూ అంత విప్పారి ఉండగా చూడలేదు నేను. ఎంత బాగుందో. ఆ మాట దానితో అన్నాను కూడా. "ఇప్పుడా సెప్పడం?" అంది. ఒళ్ళో కూచోబెట్టుకునే వయసు కాదు కాబట్టి నా ముందు కింద కూచుని తల నా మోకాలికి ఆనించింది. కత్తెరకి పసుపు రాశాను. చిన్నప్పుడు మూడుసార్లు చేసినప్పుడు చేతికి ఏమీ అనిపించలేదు, ఏదో వేడుక. ఈసారి ఏ చుట్ట పట్టుకోవాలా అని వెతుకుతూ కూచున్నాను. "కానీ మావా" అంది మెల్లగా. కత్తిరించాను. చెల్లి స్తంభం అవతలికి వెళ్ళి నిలబడింది. గుడి మంగలి తడిపి గీస్తుంటే చెవి వెనక మచ్చ బయటపడింది. నేను దాన్నే చూస్తూ కూచున్నాను.

సెలవలయ్యాక కౌంటరుకి వెళ్ళింది. సయామ చూడగానే రెండు చేతులూ జోడించి "తాదు, తాదు, తాదు" అందట. మన సాధు సాధు లాంటి మాటే, పుణ్యం చేసినవాళ్ళని ఇక్కడ అలా మెచ్చుకుంటారు. ఏ మఠం అని కూడా అడగలేదట. పేషెంట్లు మర్యాదగా మాట్లాడారు. ఒక ముసలావిడ చేతులు పట్టుకుని దీవించింది. పక్క సీటు పిల్లా, ఇదీ రెండు గుండ్లు పక్కపక్కన కూచుంటే ఆసుపత్రివాళ్ళు ఫొటో తీసి ఫేసుబుక్కులో పెట్టారు. మా గుళ్ళో ఆడవాళ్ళు కూడా భక్తి అంటే అదీ అన్నారు. ఇంతకాలం ఎవరికీ నచ్చని తల, ఒక్క వెంట్రుక లేకపోయేసరికి ఊరందరికీ నచ్చింది. ఆ సాయంత్రం నేను తెలివితక్కువగా, "గెలిసినావు కదే" అన్నాను. "గెలవలేదు మావా. ఆలకి అడ్డమొచ్చినదాన్ని తీసేసినాను, అంతే" అంది. కోపంగా అనలేదు. అలసిపోయినట్టు అంది.

కరెంటు వచ్చింది. మా మంగలి ఎడమపక్క కూడా పూర్తిచేసి, మెడ మీద పౌడరు కొట్టి, గుడ్డ దులిపాడు. ఇంటికొచ్చేసరికి ఆదివారం కాబట్టి కోడలు కిటికీ దగ్గర కూచుని ఉంది. దువ్వెన అందించే పని నాకిప్పుడు లేదు, అయినా అలవాటుగా పక్కన కూచున్నాను. అది తల వంచింది. చెయ్యేసి చూశాను. ఏప్రిల్లో నున్నగా ఉన్నచోట ఇప్పుడు గరుకు పోయి మెత్తదనం వచ్చింది. చిట్టిచిట్టి చుట్టలు మొదలయ్యాయి, వేలికి తగులుతున్నాయి. వానలు వెనకబట్టేసరికి పాయ పట్టుకోవడానికి వస్తుంది. ఆ తర్వాత సయామ నవ్వుతూ పిలుస్తుంది. "ఎంత పెరిగినాది మావా?" అని అడిగింది. "ఇంకా ఏటీ లేదు, నున్నగానే ఉంది" అని అబద్ధం చెప్పాను. అది నమ్మలేదు, నమ్మినట్టు ఊరుకుంది. ఆడపిల్ల నెత్తిమీద చెయ్యేసి, జుట్టు బారెడు పెరగాలని దీవించడం మన పెద్దల అలవాటు. నేను చెయ్యి అలాగే ఉంచి, కాస్త నెమ్మదిగా పెరగమని లోపల వేడుకున్నాను. రోజులు ఇలా పరిగెత్తిపోతున్నాయేమని నా వయసువాళ్ళు తమ కోసం దిగులుపడతారు, నాకు మాత్రం ఆ పిల్ల నెత్తిమీద పెరిగే ఒక్క అంగుళం కోసమే దిగులు.